మాస్టారి నేలబెంగ

మా వీధి మాస్టారు పోయారు. పోయిన నెలలో, పొద్దున్నే, వరండాలో పడక్కుర్చీలో, పేపరు ఒళ్లో పెట్టుకుని. కాఫీ సగమే తాగారు. నాకు ఆ సంగతి కాలనీ వాట్సాప్ గ్రూపులో తెలిసింది. ఎవరో "మాస్టారు మనందరినీ విడిచి పైకి వెళ్లిపోయారు" అని రాసి, కింద చేతులు జోడించిన బొమ్మలు పెట్టారు. ఏడుపొచ్చింది. ఆ వెంటనే, సిగ్గు లేకుండా, నవ్వూ వచ్చింది. మేడమీదున్న మా వాటాకి రావడానికే గోడ పట్టుకుని మెట్లెక్కే మనిషి, పైకి వెళ్లడమేమిటి? ఆయనే ఆ మెసేజ్ చదివితే ఎర్ర పెన్ను కోసం జేబు తడుముకునేవారు. "పైకి దేనికమ్మా? పోయారు అను, సరిపోతుంది" అనేవారు. అందుకే నేను అలాగే మొదలుపెట్టాను.

ఆయనది కాకినాడ వైపు. కుర్రతనంలో ఉద్యోగానికని సికింద్రాబాద్ వచ్చి, ఇక్కడి బడిలో తెలుగు చెబుతూ మారేడ్‌పల్లిలోనే ఉండిపోయారు. నాకు ఎనిమిదో తరగతిలో ఆయన చేతిలో చెవి మెలి తప్పలేదు. పెళ్లయ్యాక ఎదురింటి మేడమీదే అద్దెకు దిగి, మళ్లీ ఆయనకే దొరికిపోయాను. అప్పటికి వాళ్లావిడ పోయారు. రిటైరై కూడా ఆయన బడి మూతపడలేదు. వీధి మొత్తం ఆయన క్లాసే.

ఆయనకో అలవాటు ఉండేది. ఎక్కడైనా కొత్త మాట వినబడితే గేటు పక్క గోడ మీద సుద్దముక్కతో రాసేవారు. వివరణ ఉండదు, అర్థం ఉండదు, మాట ఒక్కటే. పాలవాడు అడిగితే చెబుతారు, కూరలబండి ఆమె అడిగితే చెబుతారు. తర్వాత చెవులు రిక్కించి కూర్చుంటారు. వాన వచ్చి గోడ కడిగేలోగా ఎవరైనా ఆ మాటను తమంతట తాము వాడితే అది బతికినట్టు. లేకపోతే వానకి పోయినట్టు. "మాటని నేను అద్దెకే దింపుతానమ్మాయ్. నలుగురితో కలిసిపోతే సొంతిల్లు అదే కట్టుకుంటుంది" అనేవారు. పత్రికల వాళ్లు కష్టపడి తయారుచేసిన గంభీరమైన మాటలు ఎన్నో ఆ గోడ మీద వానకి పోయాయి. ఆయన ఏ ఒక్కదాన్నీ తిరగరాయలేదు.

ఇక అసలు కథ. మాస్టారికి అక్క ఒకరున్నారు, పోర్ట్ బ్లెయిర్‌లో. పెళ్లై అండమాన్ వెళ్లి, అక్కడే పాతుకుపోయిన మనిషి. అంతమంది తోబుట్టువుల్లో చివరికి మిగిలింది వాళ్లిద్దరే. ఆవిడ ఓడెక్కి విశాఖపట్నం వస్తే, ఈయన సికింద్రాబాద్‌లో రైలెక్కి అక్కడికి వెళ్లేవారు. ఏళ్ల తరబడి అలా సాగింది. ఒక వానాకాలం ఆవిడ వాకిట్లో జారిపడి తుంటి విరగ్గొట్టుకున్నారు. అతుక్కుంది, చేతికర్రతో నడుస్తున్నారు. ఓడ మెట్లెక్కడం, రోజుల తరబడి ఆ ఊగిసలాట మాత్రం కుదరదన్నారు డాక్టర్లు. ఈయన ఓడెక్కుదామంటే ఈయన బీపీకి ఈయన డాక్టరు ఒప్పుకోలేదు. ఇక మిగిలింది విమానం. అది ఈయన ఎక్కరు. ఆవిడ అసలే ఎక్కరు.

ప్రతి ఆదివారం ఫోన్లో ఇదే పేచీ. ఆవిడకి వినబడదని ఈయన, ఈయనకి వినబడదని ఆవిడ, ఇద్దరూ అరుచుకునేవారు. వీధి వీధంతా విని ఆనందించేది.

"నువ్వే రావే అక్కా, గంటల్లో పని!"

"అంత గంటల్లో పనైతే నువ్వే రారా!"

తన భయాన్ని మాస్టారు భయమని ఒప్పుకునేవారు కాదు. డాక్టరు దాన్ని ఏరోఫోబియా అన్నాడట. ఇంటికొచ్చి ఇంత లావు నిఘంటువు దించారు. అందులో గాలి సోకితే కలిగే భయం అన్న అర్థం కూడా కనబడింది. "చూశావా! నాకు గాలంటే భయమా? మూడు కాలాలూ ఫ్యాను కింద పడుకునేవాణ్ణి!" అని నా మీదికొచ్చారు, అక్కడికి ఆ మాట నేనే కనిపెట్టినట్టు. ఏవియోఫోబియా అని ఇంకోటుందండీ అన్నాను. దాని వేళ్లు తవ్వితే లాటిన్‌లో పక్షి బయటపడింది. "పిట్టలతో నాకేం పగమ్మా" అన్నారు. పేపర్లో విమానభీతి అని వస్తే గోడ మీద రాశారు గానీ, మనసు పెట్టలేదు. "గర్భగుడి మీద ఉండేదీ విమానమే. గుడికి వెళ్లడానికి నాకు భయమా? పైగా విమానమంటే నాకిష్టం. హకీంపేట నుంచి అవి గిరికీలు కొడుతుంటే వాకిట్లో నిలబడి చూస్తాను. అందులో నేను లేకపోతే చాలు" అన్నారు. ఆ మాట మొదటి వానకే పోయింది.

సరైన మాట అక్కగారే ఇచ్చారు, ఒక ఆదివారం పేచీ మధ్యలో. "భయమని ఎవడన్నాడురా? నాకు నేలబెంగ. పెళ్లై ఓడెక్కిన రోజు ఒడ్డు కనబడకుండా పోయింది చూడు, అప్పుడు పట్టుకుంది. ఇప్పటికీ వదల్లేదు" అన్నారు. స్పీకరులో నేనూ విన్నాను. మాస్టారు ఫోను నా చేతికిచ్చి, సుద్దముక్క తీసుకుని గేటు దగ్గరికి వెళ్లారు. అవతల అక్కగారు ఇంకా తిడుతూనే ఉన్నారు, ఆ తిట్లన్నీ నేను తిన్నాను.

నేలబెంగ గోడెక్కిన మర్నాడే కాపురం పెట్టేసింది. మా వీధి మొదట్లో కుట్టుమిషన్ పెట్టుకున్న టైలర్ చాచా బోయిన్‌పల్లిలో బావమరిది కొన్న ఫ్లాటు చూడబోయి, లిఫ్టు దిగలేక దిగి వచ్చారు. "ఏం ఎత్తు సార్ అది! బాల్కనీల నిలబడితే నాకు సుత నేలబెంగ షురూ అయింది" అన్నారు. మాస్టారి మొహం చూడాలి, మనవడు పుట్టినట్టే. స్తంభమెక్కిన కరెంటు కుర్రాడు అన్నాడు. నాన్న భుజాలెక్కి ఏడ్చే పిల్లని చూసి కూరలబండి ఆమె అంది. బొల్లారం నుంచి ట్యూషన్‌కి వచ్చే పిల్ల తల్లి, మిలిటరీ ఆయన భార్య, బదిలీ మీద వెళ్లిపోతూ గేటు దగ్గర నిలబడి, "ఇప్పుడే నేలబెంగగా ఉంది మాస్టారూ" అంది. ఆవిడ వెళ్తున్నది రైల్లో. ఆ వాడుక విని మాస్టారు చాలాసేపు తలూపారు. "భయపడ్డవాడు పారిపోతాడమ్మాయ్. బెంగపడ్డవాడు తిరిగొస్తాడు. తిరిగొచ్చే జబ్బుకి మందెందుకు?" అన్నారు.

"పేరు దొరికిందిగా, టికెట్ తీయమంటారా?" అన్నాను.

"పేరు పెట్టిన రోజే పిల్లాణ్ణి బళ్లో వేస్తారా?" అన్నారు.

ఇలా ఉండగా ఒక ఆదివారం అక్కగారు పేచీ పెట్టలేదు. గొంతు బాగా తగ్గించి, "పోనీలేరా. నువ్వూ రాలేవు, నేనూ రాలేను. ఇలాగే మాట్లాడుకుందాం" అన్నారు. అంతే. మాస్టారు ఆ పూట భోంచేయలేదు. సాయంత్రం చాచా దుకాణం ముందు స్టూలు మీద కూలబడ్డారు. నేనూ జాకెట్టు కోసం అక్కడే ఉన్నాను.

"ఏంది సార్, గిట్ల పరేషాన్ అయితున్నరు? జెర చాయ్ తాగుండ్రి."

మాస్టారు సంగతి చెప్పారు. చాచా టేపు మెళ్లో వేసుకుని, "మీకు నేల మీదనే కదా సార్ బెంగ? జెరంత నేల ఎంబడి పెట్టుకపోండ్రి. మీ అంగీకి లోపల జేబు నేను కుడత" అన్నారు.

చాచా వేళాకోళానికే అన్నారని నాకిప్పటికీ అనుమానం. మాస్టారు మాత్రం లేచి నిలబడ్డారు. మర్నాడు తెల్లచొక్కాకి లోపల, గుండె పక్కన జేబు పడింది. మిగిలిపోయిన జాకెట్టు గుడ్డతో, అదీ నాదే, చిన్న సంచీ తయారైంది. గేటు దగ్గర కరివేపాకు చెట్టు మొదట్లో మట్టి తీసి, రాళ్లు ఏరి, సంచీలో పోసి మూతి బిగించారు. తోడు నేను వెళ్లాను. ఊరికే కాదు, ఆఫీసులో సెలవులు మురిగిపోతున్నాయి, సముద్రం చూడాలని నాకూ ఉంది.

శంషాబాద్‌లో తనిఖీ చేసే జవాను చేయి సరిగ్గా ఆ జేబు మీద ఆగింది. ఇదేమిటని హిందీలో అడిగాడు. "మిట్టీ" అన్నారు మాస్టారు, బళ్లో అటెండెన్సు చెప్పినంత నిబ్బరంగా. మిట్టీ ఎందుకని ఆ జవాను. ఇక మాస్టారు హిందీ వదిలేసి తెలుగులో నేలబెంగకి అర్థతాత్పర్యాలు ఎత్తుకున్నారు. వెనక క్యూలో జనం గొణుగుడు. నేను పరుగున వెళ్లి, వచ్చిన హిందీలో వచ్చినంత చెప్పాను. అతను సంచీ విప్పి చూశాడు, వాసన చూశాడు, మిషన్లోంచి రెండోసారి పంపించాడు. చివరికి తనే మూతి కట్టి, "ఇంటి మట్టేగా, తీసుకెళ్లండి" అన్న అర్థం వచ్చేలా ఏదో అని నవ్వాడు. అతని ఇల్లు ఏ ఊళ్లో ఉందో అడగాల్సింది.

విమానం కదలగానే మాస్టారు చెప్పులు విడిచి పాదాలు కింద ఆనించారు. ఒక చేయి లోపలి జేబు మీద, రెండోది నా మణికట్టు మీద. ఆ గోళ్ల గుర్తులు రెండు రోజులున్నాయి. ముక్కు పైకి లేవగానే కళ్లు మూసుకుని విభక్తులు అందుకున్నారు. "డు, ము, వు, లు ప్రథమా విభక్తి. నిన్, నున్, లన్, కూర్చి, గురించి ద్వితీయా విభక్తి..." పక్క సీటు పెద్దమనిషి ఏదో స్తోత్రమనుకుని చేతులు జోడించాడు. సప్తమికి మబ్బులు దాటాం. "ఓ, ఓయీ, ఓరీ, ఓసీ" అని సంబోధనలోకి వచ్చేసరికి ఎయిర్‌హోస్టెస్ గబగబా వచ్చి, పిలిచారా సార్ అంది. నేను కిటికీ వైపు తిరిగిపోయాను, నవ్వాపుకోవడం నా వల్ల కాలేదు.

పోర్ట్ బ్లెయిర్‌లో అక్కగారు వాకిట్లోనే కుర్చీ వేసుకుని కూర్చున్నారు. మాస్టారు ఆటో దిగి, చెప్పులు అక్కడే వదిలేసి, ఒట్టి కాళ్లతో వెళ్లి ఎదురుగా నిలబడ్డారు. "అక్కా, నేల ఎక్కడికీ పోలేదే. ఇక్కడ కూడా ఉంది" అన్నారు. ఆవిడ చేతికర్ర ఎత్తి ఆయన పిక్క మీద ఒక్కటి వేసి, అదే చేత్తో దగ్గరికి లాక్కున్నారు. ఆ వారం రోజులూ వాళ్లిద్దరూ చేసిన పని పాత గొడవలన్నీ మొదట్నుంచీ మళ్లీ పడటం. నేను సముద్రం చూశాను. తిరిగొచ్చే రోజు మాస్టారు ఆ సంచీ తీసి ఆవిడ చేతిలో పెట్టారు. "ఇది నా వాకిలి మన్ను. నువ్వు వచ్చేటప్పుడు పట్టుకురా. నాకు మళ్లీ కావాలి" అన్నారు.

"చూద్దాంలే" అన్నారు ఆవిడ.

వస్తే ఒట్టు. ఆదివారం పేచీ మళ్లీ మొదలైంది, ఈసారి కొత్త ఊపుతో. "నా మన్ను నాకెప్పుడిస్తావే?" "వచ్చి పట్టుకుపోరా!" ఆయన ఇంకోసారి వెళ్లొచ్చారు కూడా, ఖాళీ జేబున్న ఆ చొక్కాతోనే. అక్కగారు మాత్రం కదల్లేదు. గోడ మీద నేలబెంగని ఎప్పుడో వాన కడిగేసింది. మళ్లీ రాయాల్సిన పని ఎవరికీ పడలేదు.

ఆయన పోయాక పోర్ట్ బ్లెయిర్‌కి ఫోన్ చేసి చెప్పింది నేనే. ఆవిడ విని ఫోన్ పెట్టేశారు. వస్తారని నేననుకోలేదు, ఎవరూ అనుకోలేదు. పదకొండో రోజు పొద్దున గేటు ముందు టాక్సీ ఆగింది. కొడుకు చేయి పట్టుకుని, చేతికర్ర ఊతంతో ఆవిడ దిగారు. టైలర్ చాచా పరుగున వెళ్లి కుర్చీ వేశారు. "విమానంల తక్లీఫ్ అయిందా అమ్మా? భయమైందా?" అని అడిగారు.

"భయమేముంది నాయనా. నేలబెంగ, అంతే" అన్నారు ఆవిడ, కుర్చీ వైపు చూడకుండా.

చెప్పులు విడిచి కాసేపు ఒట్టి కాళ్లతో నిలబడ్డారు. తర్వాత నావైపు తిరిగి, "ఎక్కడ తీశాడమ్మా?" అని అడిగారు. కరివేపాకు చెట్టు మొదలు చూపించాను. కొడుకు పట్టుకుంటే మెల్లగా వంగి, కొంగుముడి విప్పి, నా జాకెట్టు గుడ్డ సంచీ బయటికి తీశారు. "పట్టుకురమ్మన్నావుగా. తెచ్చానురా" అని మట్టి చెట్టు మొదట్లో పోసి, అరచేత్తో రెండుసార్లు తట్టారు, పసివాణ్ణి జోకొట్టినట్టు. లోపలికెళ్లి చెంబుతో నీళ్లు తెచ్చిచ్చాను. ఆవిడే పోశారు. నీళ్లు ఇంకిపోయాక చూస్తే, ఏది తిరిగొచ్చిన మన్నో, ఏది ఇక్కడే ఉండిపోయిన మన్నో మాకెవరికీ తెలియలేదు.