మసి కడుక్కునే దృశ్యం

కావలసింది దొరకగానే సింధూర కెమెరా లెన్సుకు మూత పెట్టేస్తుంది. టేపు ఆపేది ఆ తర్వాతే. డాక్యుమెంటరీలు తీసీ తీసీ ఆమె చేతికి పడిన అలవాటు అది.

ఆ ఏడాది సాగర్ రోడ్డు పొడవునా పొలాలు ప్లాట్లవుతున్నాయి. ఇబ్రహీంపట్నంలో ఒక ప్లాటు కోసం అన్న తమ్ముణ్ణి గొడ్డలితో నరికి జైలుకు వెళ్లాడు. టీవీలో నేరాల కార్యక్రమం చేసేవాళ్లు వచ్చి ఆ హత్యను నటింపజేసి తీసుకున్నారు. అన్న వేషం వేసింది చేపలు పట్టే యాదయ్య. అది టీవీలో పదే పదే వచ్చింది. అప్పటినుంచి వల లాగడానికి యాదయ్యకు ఎవరూ జత రావడం లేదు.

సింధూర తీస్తున్నది హంతకుల గురించి కాదు, నేరాన్ని చూసేవాళ్ల మనసు గురించి. అందుకే తానుండే తుర్కయాంజాల్ నుంచి ఇబ్రహీంపట్నంలోని యాదయ్య ఇంటికి వచ్చింది.

"మీరు చంపలేదని ఊళ్లో అందరికీ తెలుసు కదా?"

"తెల్వకేంది మేడం. అసలోడు జైల్ల ఉన్నడని నాకన్న ఆళ్లకే మంచిగ తెలుసు. గని చెరువుల పుట్టెక్కి నా పక్కన కూసోమంటే కడుపునొస్తుందంటరు."

ఆయన భార్య నర్సింహమ్మ బియ్యం చెరుగుతూ అందుకుంది. "మొన్న పక్కింటి బుచ్చిని కొడవలి అడిగిన. నీ మొగడు ఇంట్ల ఉన్నడా అని అడిగి మరీ ఇచ్చింది."

సింధూర తనకు కావలసింది అడిగింది. ఆ గొడ్డలి దెబ్బ మరోసారి వేసి చూపాలి. అది చూసే ఇరుగుపొరుగు మొహాలు కూడా కెమెరాలో పడాలి.

"ఏస్త," అన్నాడు యాదయ్య. "గని కడుక్కునుడు గుడ తియ్యాలె. భాగోతంల రాక్షసుని ఏషమేసినోడు తెల్లారి గదే మొఖంతోని ఇల్లిల్లు తిరుగుతడు. అందరి ముంగట కడుక్కుంటడు. గప్పుడు మల్ల మనిషయితడు. టీవోళ్లు మసి పూసిండ్రు, కొట్టుడు తీసిండ్రు, పోయిండ్రు."

"తీస్తాను," అంది సింధూర.

యాదయ్య పొయ్యి మసి పూసుకున్నాడు. గడ్డి కుక్కిన గోనెసంచి మీద గొడ్డలి ఎత్తాడు. సింధూర మూడుసార్లు చేయించింది. గోడ అవతల జనం నిండారు. తర్వాత నర్సింహమ్మ చెంబుతో నీళ్లు పోసింది. అప్పటికే చాలామంది వెళ్లిపోయారు. సింధూర చివరిదాకా నిలబడి చూసింది.

సాయంత్రం ఇంట్లో టేపు పెట్టింది. వాళ్లమ్మ కనకరత్నం వంటింట్లోంచి వచ్చి నిలబడింది.

"ఇతనేనా చంపింది?"

"కాదమ్మా. చేపలు పట్టుకునే ఆయన. పొద్దున చెప్పానుగా."

"అయినా ఆ చూపు చూడవే, ఒళ్లు జలదరిస్తోంది. కొట్టేది మళ్లీ పెట్టు."

మళ్లీ పెట్టింది. మూడో దెబ్బ తర్వాత తెర నల్లబడింది. నీళ్లు పడుతున్న చప్పుడు. నర్సింహమ్మ గొంతు. "చెవుల ఎన్క గుడ రుద్దుకో."

"టీవీ పాడైందా?" అంది కనకరత్నం.

"లేదు. కొట్టేది అవగానే లెన్సుకు మూత పెట్టేశాను."

మర్నాడు పొద్దున్నే సింధూర ఇబ్రహీంపట్నం వెళ్లి ఆ సంగతి చెప్పింది.

"అయితె మల్ల కొట్టాల్నా?" అన్నాడు యాదయ్య.

"వద్దు. మసి మాత్రం పూసుకోండి."

గోడ మీదుగా బుచ్చిని పిలిచి, యాదయ్యకు ఎదురుగా నిలబెట్టింది. సంచిలో కొత్త టేపు ఉంది. దాన్ని తీయలేదు. నిన్నటి టేపునే మొదటి గొడ్డలి దెబ్బ దాకా వెనక్కి తిప్పింది. లెన్సు మూత తీసి నర్సింహమ్మ చేతిలో పెట్టింది. నీళ్లు పోయమని యాదయ్య తల వంచాక, ఆ దెబ్బలు చెరిగిపోయేలా వాటి మీదే రికార్డు చేయడం మొదలుపెట్టింది.