జోడుదెబ్బ

కోయిలకుంట్లకు పడమట ఒక ఊళ్లో ప్రేమయ్య వెట్టివాడు. సర్కారు మాట ఏదైనా అతని తప్పెట మోగాకే ఊరికి తెలియాలి. యుద్ధం ముదిరి, లెవీ పేరుతో అధికారులు జొన్నలు ఊడ్చుకుపోతున్న రోజుల్లో ఆ తప్పెటే ఊరి పక్షాన చేరింది. మామూలు చాటింపుకు ఎడతెగని దరువు. లెవీవాళ్ల బండి కనబడితే మాత్రం జోడుదెబ్బ. అది వినగానే జనం తలుపులు బిగించి, గింజల్ని ఇంట్లో నేల తవ్విన పాతరలోకి దించి, పైన బండ మూసి అలికేసేవాళ్లు. అధికారులు వచ్చేసరికి ఊరంతా ఏకాదశే! ఈ ఎత్తు ప్రేమయ్యదే. అందుకు కాస్త మీసం మెలేసేవాడు కూడా.

చెరువుకట్ట బీటలు వారిందని రైతులు ఎన్నిసార్లు మొత్తుకున్నా "యుద్ధం అయిపోనీ, చూద్దాం" అన్నారు పైవాళ్లు. చెరువుకు యుద్ధంతో ఏం పని? ముసురుపట్టిన ఒక పొద్దున కట్ట జారిపోవడం ప్రేమయ్య కళ్లారా చూశాడు. పరుగున వచ్చి, మిట్టమీది చావడి అరుగెక్కి తప్పెట అందుకున్నాడు.

"కట్ట తెగింది సాములో! మిట్టకు రాండి!"

వానహోరులో ఆ కేక నాలుగిళ్లు దాటలేదు. తప్పెట మోత దాటింది. ఆ కంగారులో చేతులు మరిగిన దెబ్బే కొట్టాయి. జోడుదెబ్బ.

ఎదుట తలుపులు ఒక్కొక్కటే మూసుకుంటుంటేగాని తానేం కొడుతున్నాడో అతనికి తెలియలేదు. దరువు మార్చేలోపే నీళ్లు వీధుల్లోకి వచ్చేశాయి. గోపన్న అనే రైతు పెండ్లాం సోమక్క పాతరలోకి దిగి గింజలు సర్దుతోంది. మళ్లీ పైకి రాలేదు. అట్లాంటి ఇళ్లు ఇంకా ఉన్నాయి.

నీళ్లు తీశాక తహసీల్దారు విచారణకు వచ్చాడు.

"చాటింపు వేశావట్రా?"

"ఏసినా దొరా."

"మరి జనం ఇళ్లల్లో ఎందుకు కూర్చున్నారు?"

ప్రేమయ్య చుట్టూ ఉన్న జనం వైపు చూశాడు. నిజం చెబితే పాతరలు బయటపడతాయి. మిగిలిన గింజలూ పోతాయి, బతికినవాళ్లు జైలుకు పోతారు. గోపన్న చేతులు కట్టుకుని ముందుకొచ్చాడు.

"మా ఇంటిది ఉత్త మొద్దు సామీ. తప్పెట ఇనపడినా కదల్లే."

తహసీల్దారు తల పంకించి, ప్రేమయ్యను మెచ్చుకుని, అందరి ముందర కొత్త తలగుడ్డ ఇప్పించాడు. దాన్ని చేతుల్లో పట్టుకుని ప్రేమయ్య నిలబడిపోయాడు. సిగ్గుతో తల ఎత్తలేకపోయాడు. భూమి చీలితే బాగుండునని నిజంగానే కోరుకున్నాడు.

గోపన్న దగ్గరికొచ్చి గొంతు తగ్గించాడు. "కట్టుకోరా. కట్టుకోకుంటే ఆయప్పకు అనుమానమొస్తాది."

ప్రేమయ్య చేతులు ఆడలేదు. ఏనాడూ అతని నీడ సోకనివ్వని గోపన్న, తానే ఆ గుడ్డ తీసుకుని అతని తలకు చుట్టాడు.