పాట వెనకాల మోత

రెంటచింతల చర్చిలో నేను హార్మోనియం వాయించేవాణ్ణి. అయిదు గీతల మీద స్వరాలు రాసే ఇంగ్లీషు పద్ధతి, స్టాఫ్ నొటేషన్, చదవడం ఫాదరుగారే నేర్పారు. పంతొమ్మిదివందల యాభైలలో బడిపంతులుగా చేరిన కొత్తలో సినిమా పాటల మీద ఒక వింత ధ్యాస పట్టుకుంది. పాడేవాళ్ల గొంతు మీద కాదు, చరణానికీ చరణానికీ మధ్య వచ్చే వాయిద్యాల మీద. అన్ని వాయిద్యాలు తలొక తీరుగా మోగుతున్నా గోల కాకుండా ఎలా ఉంటుంది? ఎవరు ఎప్పుడు ఆగాలో వాళ్లకు చెప్పేదెవరు?

అది తేల్చుకోవడానికి మాచర్ల వెళ్లి ఒకే సినిమా మళ్లీ మళ్లీ చూసేవాణ్ణి. ఒకసారి ఫిడేళ్లనే పట్టుకుని వినేవాణ్ణి, ఇంకోసారి క్లారినెట్‌ను. తోడొచ్చిన మా అక్క విసుక్కుంది.

"అందరూ పాట ఇంటంటే నువ్వు ఎనకమాల మోత ఇంటావేందిరా?"

ఆ మోత రాసే మనిషి వేరే ఉంటాడని నరసరావుపేటలో నాటకాలకు ఫిడేలు వాయించే ఒకాయన చెప్పాడు. సంగీత దర్శకుడు వరస కడితే, ఏ వాయిద్యం ఏం పలకాలో కాగితం మీద పెట్టేది ఈ మనిషేనట. అరేంజరంటారట. అది విన్నాక బళ్లో మనసు నిలవలేదు. వేసవి సెలవుల్లో మద్రాసు వెళ్లినవాణ్ణి మళ్లీ బడి ముఖం చూడలేదు.

అక్కడ ఒక అరేంజరు దగ్గర నొటేషన్ కాపీలు రాసే పనికి కుదిరాను. కొన్నేళ్లకు, ఆయనకు ఒకేరోజు రెండు రికార్డింగులు పడి, ఒక పాట నాకు వదిలారు. సైన్యంలోకి వెళ్లిన భర్త కోసం భార్య పాడే పాట అది. మధ్యలో సైన్యం పిలుపులా ట్రంపెట్ రాశాను. స్టూడియోలో ఉన్నది ఒక్కటే మైకు. రిహార్సల్లో ట్రంపెట్ మోగగానే గాయని గొంతు మునిగిపోయింది. సంగీత దర్శకుడు దాన్ని తీసేయమన్నాడు.

నాకు మనసొప్పలేదు. దూరం జరిపితే ఏమవుతుందో చూడాలనిపించింది. గోడ దాకా జరిపినా మోత తగ్గలేదు. చివరికి వాయించేవాణ్ణి బతిమాలి వరండాలోకి పంపి, తలుపు ఓరగా తెరిచి, గుమ్మంలో నిలబడి ఎప్పుడు ఊదాలో చేత్తో సైగ చేశాను. ఈసారి ఆ పిలుపు ఏ కొండ అవతలి నుంచో వచ్చినట్టుంది. పాడుతున్నావిడ తల తిప్పి తలుపు వైపు చూసింది.

పాట అయ్యాక సంగీత దర్శకుడు అడిగాడు, "ఎవరు చెప్పారయ్యా నీకీ ఉపాయం?"

"ఎవరూ చెప్పలేదండీ. ఎట్టుంటదో చూద్దామని."

తర్వాతి సినిమాకు నన్నే రమ్మన్నాడు. అందులో మొదటిది వీణ పాట. వీణ వాయించేవాళ్లను మైకుకు ఎంత దగ్గరగా కూర్చోబెడితే తీగ మీద వేలి రాపిడి కూడా వినిపిస్తుందో అని ఆలోచిస్తూ, ఆ సాయంత్రం బస్సులో దిగాల్సిన చోటు దాటిపోయాను.