కత్తెరమ్మ నమిలించిన దారం

మా వదిన పోయిన రోజు వీధంతా వచ్చి ఆవిడ చేతి పని గురించే చెప్పుకున్నారు. కుట్టు కనపడకుండా కుట్టేదన్నారు. ఆవిడ మడిచిన అంచు గీత గీసినట్టుండేదన్నారు. నిజమే. నోటి సంగతి మాత్రం ఎవరూ ఎత్తలేదు. పోయినవాళ్ళ గురించి అలా మాట్లాడకూడదని కాబోలు. ఏళ్ళ తరబడి ఆ నోటి కింద బతికినదాన్ని నేను. నాకా మొహమాటం లేదు.

ఆవిడ మా ఆయనకి అక్క. వీధిలో ఆవిడ పేరు కత్తెరమ్మ. చేతిలో కత్తెర ఉన్నందుకు పెట్టిన పేరని ఆవిడ అనుకునేది. ముందు గది ఆవిడది. కిటికీ పక్కన కుట్టు మిషను, గోడకి దారపు ఉండలు, మేకుకి తగిలించిన ఆవిడ సొంత గ్లాసు. ఆ గ్లాసు నేను ముట్టుకుంటే చాలు, పీచు పెట్టి తోమి తోమి మళ్ళీ తగిలించేది. పెళ్ళి చేసుకోలేదు. ఎవరైనా అడిగితే, "నా కొలతలకి ఎవడూ సరిపోలేదు" అనేది. నేను ఆ ఇంటికి వచ్చిన కొత్తలో నన్ను కిందికీ పైకీ చూసి, "మా వాడు తొందరపడి రెడీమేడ్ కొనేశాడు" అంది. అక్కడ మొదలైంది.

మా ఆయన బస్సు డిపోలో మెకానిక్. ఆయన ఉన్నన్నాళ్ళూ మా మధ్య గొడవ ముదిరేది కాదు. ఆవిడ నోరు తెరిచేసరికి, "అక్కా, నీ సూది నా కంచంలో ఉంది చూడు" అని ఏదో ఒకటి అనేవారు. ఆవిడ సూది వెతుక్కునేది. ఈలోగా నన్ను వంటింట్లోకి పంపేవారు. అబద్ధమని తెలిసినా ఆవిడ ప్రతిసారీ వెతుక్కునేది.

ఒకరోజు పని చేస్తూ చేస్తూనే ఆయన గుండె ఆగిపోయింది. చుట్టాలు వచ్చి వెళ్ళాక నేను బీరువా తెరిస్తే చొక్కాలు లేవు. ముందు గదిలో వదిన వాటిని కోసి దిండు గలీబులు కుడుతోంది.

"ఎవర్నడిగి కోశారు వదినా?"

"ఎవర్నడగాలే? వాడి కొలతలు తీసింది నేను. వాడి చొక్కాలు కుట్టింది నేను. కోసే హక్కు నాది."

"వేసుకున్న మనిషి నా మొగుడు."

"వేసుకున్న మనిషి లేడుగా. ఖాళీ చొక్కాకి మొగుడెవరు, పెళ్ళామెవరు!"

ఆ రోజు నుంచి నేను ఆవిడతో అవసరానికి మించి మాట్లాడలేదు. ఆవిడ మాత్రం అవసరం లేకపోయినా మాట్లాడేది.

ఆవిడ పనిలో ఒక పద్ధతి ఉంది. ఎంత చేయి తిరిగినవాళ్ళకైనా సూది గుచ్చుకోక మానదు. తెల్లబట్ట మీద నెత్తురు చుక్క పడితే, చిన్న తెల్లదారం ముక్క నోట్లో వేసుకుని నమిలేది. అది మెత్తగా నానాక ఉండలా చేసి, చుక్క మీద అద్దేది. ఎరుపంతా దారంలోకి వచ్చేసేది. పని నేర్పిన మేస్త్రీ ఒక షరతు చెప్పాడట. ఎవరి నెత్తురు పడితే వాళ్ళ ఉమ్మితోనే అద్దాలి, ఇంకొకరిది తగిలితే మరక బిగుసుకుపోతుందని. ఆవిడకి అది రాతి మీద రాసినట్టే. గుచ్చుకున్న వేలు కూడా నోట్లోనే పెట్టుకునేది. "నా మందు నా నోట్లోనే ఉంది. నీలాగా సూది గుచ్చుకుంటే ఇల్లెగిరిపోయేలా అరవను" అనేది.

ఆ నోరే ఎండిపోయింది.

దవడ కింద గడ్డ లేచింది. పరీక్షలు చేసి క్యాన్సరన్నారు. రేడియేషన్ ఇచ్చారు. మేము దాన్ని కరెంటు పెట్టడం అంటాం. రోజూ నేనే తీసుకెళ్ళి తీసుకొచ్చేదాన్ని. దారి పొడుగునా, నేను నడిచే తీరు దగ్గర్నుంచీ చెప్పు తొడుక్కునే తీరు దాకా తిడుతూనే ఉండేది. గడ్డ కరిగింది. కానీ నోట్లో తడి లేకుండా పోయింది. మెతుకు నాలుకకి అంటుకుపోయేది. నాలుక ఎర్రగా పగిలి మండేది. మంటతో కూడా తిట్టేది, కాకపోతే మధ్యలో ఆగి ఆగి.

ఆ మంట సంగతే డాక్టరమ్మని అడిగింది. "గడ్డ పోయిందన్నారు. మరి నాలుక మీద నిప్పులెందుకు పోస్తున్నారు?"

"లాలాజలం ఊరే గ్రంథులు దెబ్బతిన్నాయమ్మా. నోరు ఎండిపోతే మంట తప్పదు."

"ఉమ్మి లేనంత మాత్రాన మంటేమిటి?"

డాక్టరమ్మ ఆవిడ వేళ్ళ మీది సూది గుచ్చుళ్ళు చూసింది. "కుట్టుపని చేస్తారా? అయితే ఇలా చెప్తాను. నొప్పి తగ్గించే మందు కొంత మన ఒళ్ళే తయారుచేసుకుంటుంది. కానీ ఒంట్లోనే కత్తెరల్లాంటివి ఉంటాయి. అవి ఆ మందుని వెంటనే ముక్కలు చేసేస్తాయి. మనుషుల లాలాజలంలో ఒక పెప్టైడ్ దొరికింది. చాలా చిన్న ప్రోటీన్ ముక్క అనుకోండి. అది వెళ్ళి ఆ కత్తెర నోటికి అడ్డం పడుతుంది. దాంతో మందు ఇంకాసేపు నిలుస్తుంది. ఎలుకల మీద చూస్తే నొప్పి బాగా తగ్గిందట."

"ఎలుకలకి తగ్గింది. బావుంది. నాకో?"

"మనుషులకి మందుగా ఇంకా రాలేదమ్మా. లాలాజలంలో ఉండేది చాలా కొంచెం. నోట్లో అదెంత పని చేస్తుందో ఇంకా చూస్తూనే ఉన్నారు. మీ మంటకి అది లేకపోవడమే కారణమని నేను అనను."

"మీరనక్కర్లేదు. నా నోట్లో మందుంటే ఎండబెట్టారు. అంతేగా?"

డాక్టరమ్మ నవ్వింది. నాకు నవ్వు రాలేదు. మా ఇంట్లో కత్తెర నోటికి అడ్డం పడే మనిషి ఒక్కరే ఉండేవారు. అది ఆస్పత్రిలో చెప్పుకునే సంగతి కాదు.

నోరు తడుపుకోవడానికి ఒక సీసా ఇచ్చారు. లాలాజలం లాంటిదే, నోట్లో కొట్టుకుంటూ ఉండమన్నారు. ఇంటికొచ్చాక వదిన దాన్ని వెలుగులో పెట్టి తిప్పి తిప్పి చూసింది.

"ఎవరిది?"

"ఏది వదినా?"

"ఈ సీసాలోది. ఎవరి నోట్లోది?"

"ఎవరి నోట్లోదీ కాదు. ఫ్యాక్టరీలో చేస్తారట."

"ఫ్యాక్టరీలో ఎవరు ఉమ్ముతారు?"

నేను నోరు తెరిచేలోపు ఆవిడే అందుకుంది. "మనుషుల ఉమ్మిలో మందు దొరికిందని ఆవిడే చెప్పింది కదే. దొరికినవాళ్ళ నోళ్ళ దగ్గర పట్టి సీసాలకెత్తారు. నీ ఎంగిలి గ్లాసే ముట్టుకోలేదు, ఊరి ఎంగిలి నోట్లో పోసుకుంటానా? అసలు ఒకరి ఉమ్మి ఇంకొకరికి పనికొస్తుందా? నాకు ఎంగిలి తాగించి సాగనంపాలని చూస్తున్నావు."

"సాగనంపడానికి అంత తిప్పలెందుకు వదినా. మీకు వంట మానేస్తే సరిపోతుంది."

"అదీ! ఇప్పుడు బయటపడ్డావు."

సీసా కిటికీలో దారపు ఉండల పక్కన చేరింది. దాని మీద దుమ్ము పడింది. ఆవిడ మండే నోటితోనే తిరిగి మిషను ముందు కూర్చుంది.

ఆవిడకి పని ఇచ్చేది బట్టల షాపావిడ. చేత్తో చేయాల్సిన సన్నపని ఉన్నవన్నీ మూటకట్టి పంపేది. ఆ మధ్య ఒక తెల్లచొక్కా కాలరు మీద గోధుమరంగు చుక్క మిగిలిపోయింది. గుచ్చుకున్నప్పుడు దారం నానబెట్టడానికి వదిన నోట్లో ఏమీ లేదు మరి. షాపావిడ ఆ చొక్కా తెచ్చి చూపించింది. "అమ్మా, మీ చేతి పని వదులుకోవడం నాకూ ఇష్టం లేదు. కానీ ఇంకో మరక పడిందంటే మాత్రం ఇక బట్టలు పంపలేను" అంది.

వదిన ఎదురు చెప్పలేదు. నేనావిడని అలా చూడటం అదే మొదలు. షాపావిడ గుమ్మం దాటాక నా మీదికి తిరిగింది.

"సంతోషమా? చూసుకో. చేతిలో సూది ఉన్నన్నాళ్ళే ఈ ఇంట్లో నాది నేను తింటాను. అది పోతే నువ్వు పెడితే తినాలి. నీ ముందు కంచం పట్టుకు కూర్చోవడం కంటే ఈ నాలుక కాలి ఊడిపోయినా నాకు నయం."

నేను ఆరిన బట్టలు మడత పెట్టుకుంటూ విన్నాను. నాకూ ఆవిడ కంచంలో వడ్డించాలని సరదాగా ఏమీ లేదు.

ఆ తర్వాత వచ్చిన మూటలో తెల్ల సిల్కు గౌను ఉంది. వేదిక మీద పాడే ఒకావిడదట. మెడ చుట్టూ పూసలు కుట్టాలి. సాయంత్రానికి షాపావిడే వచ్చి పట్టుకెళ్తానంది. మధ్యాహ్నం నేను అంట్లు తోముతుంటే ముందు గదిలో చప్పుడు ఆగిపోయింది. మిషను చప్పుడు కాదు, నోటి చప్పుడు. వెళ్ళి చూశాను.

గౌను మెడ దగ్గర ఆవగింజంత ఎర్రచుక్క. వదిన దారం ముక్క నోట్లో పెట్టుకుని దవడలు ఆడిస్తోంది. బయటికి తీసింది. ఎలా పెట్టిందో అలాగే పొడిగా ఉంది. మళ్ళీ పెట్టుకుంది. పగిలిన నాలుకకి దారం గీసుకుని కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. ఆ నీళ్ళు నోట్లోకి రావు కదా.

"నీళ్ళు తేనా?" అన్నాను.

"సిల్కు మీద నీళ్ళు పడితే చుట్టూ గీత కడుతుంది. ఇన్నేళ్ళు చూస్తూ అదీ నేర్చుకోలేదు."

"పోనీ సీసా?"

"ఊరి ఎంగిలి పోసి గౌను తగలెయ్యమంటావా?"

"సరే" అని వెనక్కి తిరిగాను.

"ఆగు."

ఆగాను. ఆవిడ నా వైపు చూడలేదు. కిటికీ వైపు చూస్తూ అడిగింది. "నీకు ఉమ్మి ఊరుతుందా?"

"ఊరుతుంది."

"టీ తాగావా?"

"తాగాను."

"వెళ్ళి నోరు పుక్కిలించి రా. మరక మీద మరక చేయకు."

"మీ నెత్తురుకి నా ఉమ్మి తగిలితే బిగుసుకుపోతుందని మీరే అంటారుగా వదినా."

"ఆరిపోతే ఎలాగూ బిగుసుకుంటుంది. అప్పుడు తిట్టుకోవడానికి నువ్వైనా ఉంటావు. కదులు!"

నోరు కడుక్కొచ్చి ఆవిడ ఎదురుగా నేల మీద కూర్చున్నాను. ఆవిడ కొత్త దారం తెంపి నా చేతిలో పెట్టింది. నోట్లో వేసుకున్నాను.

"అలా ఆవులా నమలకు. ముందు పళ్ళతో కొరుకు. ఆ, తడి పట్టనీ."

నాకు ఒక్కసారి నవ్వొచ్చింది. "ఇది ఎప్పుడో మీ మొహాన పడాల్సింది వదినా."

"తెలుసు. ఇన్నాళ్ళూ దాచావు కదా, బోలెడుంటుంది. కానియ్."

నానిన దారం ఆవిడ తీసుకుంది. వేళ్ళతో ముట్టుకోవడానికి ఒక్క క్షణం వెనకాడింది. తర్వాత గౌను లోపలివైపు ఒక గుడ్డముక్క పెట్టి, పైనుంచి అద్దింది. ఆ గుడ్డముక్క మా ఆయన తెల్లచొక్కాది. జేబు కుట్టిన గుర్తు ఇంకా ఉంది. నేను గుర్తుపట్టాను. గుర్తుపట్టానని ఆవిడ చూసింది.

దారం ఎరుపెక్కింది. ఇంకోటి నమిలాను. మళ్ళీ అద్దింది. ఇంకోటి. చుక్క గులాబీరంగైంది, తర్వాత నీడలా అయింది, తర్వాత ఎక్కడుందో వెతుక్కోవాల్సి వచ్చింది. వదిన గౌను కిటికీ దగ్గర పెట్టి చాలాసేపు చూసింది. మేస్త్రీ చెప్పిన మాట అబద్ధమవడం ఆవిడకి నచ్చినట్టు లేదు.

షాపావిడ వచ్చి గౌనుని వెలుగుకి ఎత్తి, మెడ అంతా వేలితో తడిమి చూసింది. "ఇదమ్మా పనంటే" అని మడిచి పెట్టుకుంది. పోతూ పోతూ ఇంకో మూట ఇచ్చి వెళ్ళింది.

తలుపు పడగానే వదిన నాకు చేయి చాపింది. "ఆ సీసా ఇలా తే."

"ఊరి ఎంగిలి కదా?"

"నీ ఉమ్మి నా నెత్తురుకి పనికొచ్చిందంటే ఇక ఎవరిది ఎవరికైనా పనికొస్తుంది."

దుమ్ము తుడిచి ఇచ్చాను. నోట్లో కొట్టుకుంది. మొహమంతా ముడుచుకుపోయింది. "రుచీ పచీ లేదు. ఎవరో నీలాంటిదే అయ్యుంటుంది."

"ఎవరిదీ కాదు వదినా. ఫ్యాక్టరీలో…"

"నోర్ముయ్. కాస్త తడిగా ఉంది."

మంట పోలేదు. ఆ సీసా నోరు తడుపుతుందే కానీ, అందులో నొప్పిమందేమీ లేదని డాక్టరమ్మ తర్వాత మళ్ళీ చెప్పింది. అయినా మెతుకు దిగేది. సూది గుచ్చుకున్నప్పుడల్లా ముందు గదిలోంచి, "నోరు కడుక్కుని రా!" అని కేక వచ్చేది. నేను వెళ్ళి కూర్చుని నమిలేదాన్ని. ఆవిడ వంకలు పెట్టేది. ఇవాళ పలచగా ఉందనేది, నిన్న ఉల్లిపాయ తిన్నావనేది. పని మాత్రం ఆగలేదు. గడ్డ తిరగబెట్టి మంచం పట్టేదాకా ఆవిడ కంచం ఆవిడదే. మంచం పట్టాక నేను పెట్టాను. తిట్టుకుంటూనే తింది.

చివర్లో మా ఇద్దరికీ సఖ్యత కుదిరిందని వీధిలో అనుకుంటున్నారట. అదేం లేదు. చొక్కాల సంగతి నేను మర్చిపోలేదు. వాటితో కుట్టిన గలీబు ఒకటి నా దిండుకే ఉంది. మొన్న దాని అంచు ఊడితే కుట్టబోయి సూది గుచ్చుకున్నాను. వేలు నోట్లో పెట్టుకున్నాను. నొప్పి తగ్గింది, వేలికి మటుకు. గలీబు మీద చుక్క పడింది. దారం తెంపి నమిలాను. ఆవులాగే నమిలాను. ముందు గదిలోంచి కేక రాలేదు.

చుక్క పోయింది. నోట్లో ఉమ్మి ఇంకా బోలెడుంది. ఎవరి మొహాన ఉమ్మను?