అన్నమ్మగారి కొవ్వొత్తి

ఈ ఉదయం మోండా మార్కెట్‌లో బంతిపూల పక్కన కొవ్వొత్తుల ప్యాకెట్లు చూడగానే పోయినవాళ్ల సమాధుల దగ్గర దీపాలు పెట్టే మా సమాధుల పండుగ వాసన గుర్తొచ్చింది. తడి సున్నం, కరిగిన మైనం, తొక్కిన గడ్డి. మీకూ గుర్తుందా?

తాత చనిపోయిన ఏడాది ఆ పండుగకు నానమ్మా నేనూ బొల్లారం సమాధుల తోటకు వెళ్లాం. కళ్లద్దాలు మరిచిపోయి వచ్చిన నానమ్మ ఒక సమాధిని కడిగి, పూలు పరిచి, తెచ్చిన కొవ్వొత్తులన్నీ వెలిగించింది. అప్పుడే చదవడం నేర్చుకున్న నేను ఆ వెలుగులో రాతి మీది పేరు కూడబలుక్కున్నాను.

"నానమ్మా, ఇది తాతది కాదు. అన్నమ్మ అని ఉంది."

"అయ్యో దేవా! మీ తాత ఊకుంటడా? కరెంటు పోతేనే లొల్లి చేసెటోడు."

"ఇక్కడివి తీసుకుపోదామా?"

"వద్దు బిడ్డా. ఆమె సుత మనామెనే."

నాకు ఏడుపొచ్చింది. పొద్దుగూకుతోంది, తాత చీకట్లో ఉంటాడు. వెతుక్కుంటూ వెళితే ఆయన సమాధి మీద అప్పటికే ఒక కొవ్వొత్తి వెలుగుతోంది.

"ఎవ్వరూ రాలేదని నేనే పెట్టిన," అంది పక్క సమాధి దగ్గర కూర్చున్న ముసలమ్మ.

"మా ఆయన నీకెరుకనా అక్కా?" అని నానమ్మ అడిగింది.

"ఎరుక లేదు. ఏమైతది?"

ప్రతి ఆదివారం చర్చిలో విశ్వాస ప్రమాణం చదివేటప్పుడు 'పరిశుద్ధుల సహవాసాన్ని నమ్ముతున్నాను' అని అందరితో కలిసి గడగడా చెప్పేదాన్ని. ఆ మాటలో ఎవరెవరు ఉంటారో అని మొదటిసారి ఆలోచించింది ఆ సాయంత్రమే. ఇంకా ఆలోచిస్తూనే ఉన్నాను.

అన్నమ్మగారెవరో మాకు ఇప్పటికీ తెలియదు. ఆమెకూ ఒక కొవ్వొత్తి కొన్నాను.