ఎస్తేరక్క పానా

ఎస్తేరక్కకు ఒకటే జబ్బు. కంటపడ్డ ప్రతిదాన్నీ విప్పాలి. ఫ్యాను కిర్రుమన్నా, నల్లా కారినా, చాయిలో చక్కెర తక్కువైనా ఆమె నోట వచ్చే మాట ఒక్కటే: "విప్పాలె!" చక్కెరకూ విప్పడానికీ ఏమిటి సంబంధమని అడిగిన పాపానికి వంటమనిషి కళ్లముందే స్టవ్వు బర్నరు విప్పి పెట్టింది. ఆ పూట బడిలో ఎవరికీ చాయి లేదు.

డోర్నకల్ రైల్వేలో బండ్ల కిందికి దూరి నట్లు బిగించే ఖలాసీగా చేసి రిటైరయింది. ఊరికే కూర్చోలేక, మరిపెడ రోడ్డులోని ఒక ప్రైవేటు స్కూల్లో గడ్డి కోసే మిషన్ నడపడానికి చేరింది. చేత్తో తోసే మిషన్ కాదది. సీటు మీద కూర్చుని స్టీరింగు తిప్పుతూ పోవాలి, కింద రేకు డబ్బాలో బ్లేడ్లు గిర్రున తిరుగుతాయి. దాన్ని కొన్న రోజు చైర్మన్ గారు కొబ్బరికాయ కొట్టించి, చక్రాల కింద నిమ్మకాయలు పెట్టించి, గేటుకు ఫ్లెక్సీ కట్టించారు. ఫ్లెక్సీలో మిషన్ మూలకు ఉంది. మిగతా అంతా చైర్మన్ గారే.

ఎస్తేరక్కను అదుపులో పెట్టే పని ఆఫీసు వ్యవహారాలు చూసే ఏఓ శ్యాం నెత్తిన పడింది. ఆ బడిలో ఏఓ అంటే చైర్మన్ తిట్లు అందరికన్నా ముందు, వేడివేడిగా తినే ఉద్యోగి. పొద్దున్నే ఎస్తేరక్క మిషనెక్కి, ఈల ఊది, పచ్చ తువ్వాల ఊపి, ఆఫీసు ముందున్న లాను కోసేది. అక్కడితో ఆగితే బాగుండు. వెనక గ్రౌండుకు పోయేముందు బండిని షెడ్డులో పెట్టి బ్లేడ్లు విప్పేది. తిరిగొచ్చాక మళ్లీ విప్పేది.

"పొద్దుగాలనే విప్పినవ్ గదక్కా!"

"గా రైలు మొన్న మంచిగ పోయిందని ఇయ్యాల సూడకుండ పంపుతరా సారూ?"

ఆ విప్పడం ఒక క్రతువు. తాళంచెవి తీసి కొంగున ముడేసుకోవడం, ప్లగ్గు వైరు పీకడం, ముందు చక్రాలను ఇటుకల మీదికెక్కించడం, బ్లేడు తిరగకుండా చెక్కముక్క అడ్డం పెట్టడం, ఆపైన పానా పట్టడం. బోల్టు కదిలితే "స్తోత్రం తండ్రీ" అనేది. కదలకపోతే తండ్రి చెవులు మూసుకోవాల్సిన మాటలనేది.

ఇంత చేసి సాధించిందేమిటంటే, ముందు లాను తివాచీలా నున్నగా ఉండేది. వెనక గ్రౌండులో గడ్డి మాత్రం కోసినట్టు కాక, నూనె రాసి దువ్వినట్టు పడుకునేది. గంట తిరక్కుండానే లేచి నిలబడేది.

"ఏందయ్యా శ్యాం, గిది గడ్డి కోసుడా, గడ్డికి మాలిష్ చేసుడా?" అని చైర్మన్ గారు మేడమీది నుంచి గర్జించారు. "స్పోర్ట్స్ డే దాంక సూస్త. గ్రౌండు సాఫు గాకుంటె ఆ ముసల్దాన్ని ఇంటికి తోలు."

శ్యాం ఆ రాత్రి ఫోన్లో వీడియోలు చూశాడు. బ్లేడు కొసలకు వంపు తిరిగిన రెక్కలుంటాయట. అవి పైకుంటేనే గడ్డి తెగుతుందట. తెల్లారి వెనక గ్రౌండు నడుమ మిషన్ ఆపించి, తాళంచెవి తీయించి, ఇస్త్రీ చొక్కాతో బోర్లా పడుకుని కిందికి తొంగిచూశాడు. రెక్కలు నేలకేసి చూస్తున్నాయి.

"అక్కా! తలకిందులు బిగించినవ్!"

"అట్లనా? వయసు మీద పడుతాంది సారూ."

"మరి ముందట లాను ఎట్ల తెగింది?"

ఎస్తేరక్క ఆకాశంలోకి చూసింది. అంతలో వెనక గేటు సందులోంచి ఒక గొంతు వినపడింది. "అక్కా, నీ మిషన్ అయిపోయిందా? బర్రె ఒర్రుతాంది." చేతిలో కొడవలి, భుజాన గోనెసంచి, గేటవతలి తండాలో ఉండే జమ్లీ. శ్యాంను చూసి కొడవలి వెనక్కి దాచుకుంది.

ఇక దాచి లాభం లేదనుకుంది ఎస్తేరక్క. "గీ పిల్లకు ఉన్నదే ఒక బర్రె సారూ. దాని పాలమీదనే ఇల్లు నడుస్తాంది. గోడ కట్టకముందుకెల్లి ఈడనే గడ్డి కోసుకునేది. మిషన్ కోస్తె గడ్డి తవుడైతది. బర్రె మూతి గూడ పెట్టది. అందుకే ఈడికొచ్చే ముందు బ్లేడ్లు తిరగేస్త."

"అయితే బ్లేడు బంద్ వెట్టి ఉత్తగ తిప్పరాదు?"

"సప్పుడు రాదు గద! పైకెల్లి చైర్మన్ సారు వింటాంటడు. సప్పుడు లేకుంటె ఆయనకు చాయి దిగది."

"గీ మాట అడిగితె అయిపోతుండె గదక్కా?"

"అడిగితె వద్దంటరు సారూ. విప్పితె ఎవ్వలేమనరు. పిచ్చిదనుకుంటరు, గంతే గద."

శ్యాంకు కోపం రావాలి. వచ్చింది కూడా. కానీ ఒకరి బర్రె కోసం పూటపూటా నడుము విరగ్గొట్టుకుంటూ, బడి బడంతా నవ్వుతున్నా నోరెత్తని ఆ మనిషి ముందు ఆ కోపానికి నిలువ నీడ దొరకలేదు. పైగా తన ఇస్త్రీ చొక్కా నిండా మట్టి. ఆ అవతారంతో ఎవరి మీద అరిచినా బాగుండదు.

అదే అవతారంతో మేడెక్కాడు.

"సార్, మిషన్‌ది తప్పు లేదు. గడ్డి నిలువు ఎక్కువున్నది. ముందుగాల చేతితోని కోయించి, తర్వాత మిషన్ తిప్పాలె."

"కూలెవడిస్తడు?"

"ఎనుక తండా పిల్ల కోస్తదట, కూలొద్దట సార్. కోసిన గడ్డి ఇస్తె సాలట."

చైర్మన్ గారి ముఖం వెలిగింది. "ఫ్రీయా? మరి గిన్ని రోజులు ఏం జేసినవయ్యా? రోజు రమ్మను!"

స్పోర్ట్స్ డే నాటికి గ్రౌండు నున్నగా మెరిసింది. ముందు కొడవలి, వెనక మిషన్ అనే పద్ధతి తన బుర్రలోనే పుట్టిందని చైర్మన్ గారు మైకులో చెప్పారు. వేదిక ముందు జమ్లీ అందరికన్నా గట్టిగా చప్పట్లు కొట్టింది.

కష్టమంతా ఎస్తేరక్కకే వచ్చిపడింది. బ్లేడ్లు ఇప్పుడు సరిగ్గా బిగుసుకుని ఉన్నాయి, పూటపూటా విప్పే అవసరమే లేదు. రెండు రోజులు ఓపిక పట్టింది. మూడోరోజు పానా పట్టుకుని ఏఓ గది గుమ్మంలో నిలబడింది. శ్యాం ఊపిరి బిగబట్టాడు. అయినా అతని కుర్చీ కిర్రుమంది.

"సారూ, జర లెవ్వు."

శ్యాం కిక్కురుమనకుండా లేచి నిలబడ్డాడు.