నాన్న వెళ్ళని వాయిదా

మా నాన్నంత వెర్రిబాగులవాడు మా ఊళ్ళో ఇంకొకడు లేడు. కోపంతోనే అంటున్నాను. ఇన్నేళ్ళైనా ఆ కోపం చల్లారలేదు.

ప్రత్తిపాడు పక్క ఊరు మాది. రెండెకరాల నల్లరేగడి, ఓ ఏడు పత్తి, ఓ ఏడు మిరప. తాత నోటిమాటగా నాన్నకు పంచి ఇచ్చిన చేను. ఎనభైల మొదట్లో చిన్నాన్న అది తనదంటూ గుంటూరు కోర్టులో దావా వేశాడు. శిస్తు రసీదులన్నీ నాన్న పేరు మీదే ఉన్నాయి. వెళ్ళి చూపిస్తే చాలు, గెలిచేవాడు.

వెళ్ళలేదు. మా చర్చి సంఘంలో తగువుపడ్డవాళ్ళు సమాధానపడకుండా ప్రభువు బల్లలో చెయ్యి వెయ్యకూడదు. వాయిదాకి ముందు వచ్చిన, రొట్టె, ద్రాక్షరసం పంచే సంస్కారపు ఆదివారం పాస్టరు అయ్యగారు అన్నదమ్ములిద్దరినీ గుడిలో బల్ల ముందు నిలబెట్టి, చేతులు కలిపించి, ప్రార్థన చేశారు. “కేసు తీసేస్తాలే అన్నా,” అన్నాడు చిన్నాన్న, అందరూ వింటుండగా. ఇద్దరూ ఒకే పళ్ళెంలో రొట్టె తీసుకున్నారు. నాన్న కళ్ళు తుడుచుకున్నాడు.

వాయిదా నాడు అమ్మ ఉతికిన చొక్కా తీసి మంచం మీద పెట్టింది. “ఎందుకైనా మంచిది, ఓసారి పోయిరా.”

“బల్ల దగ్గర కలిశాక మళ్ళీ తమ్ముడి మీదికి రసీదులు పట్టుకుపోతే దేవుడికి ఏం మొహం చూపించనే?” అని నాన్న పార భుజాన వేసుకుని చేనుకి పోయాడు.

చిన్నాన్న మాత్రం కోర్టుకి పోయాడు. నాన్న రాలేదని డిక్రీ ఆయనకే ఇచ్చేశారు. మాకా సంగతి మిరప రెండో కోతలో తెలిసింది. కోర్టు అమీను వచ్చి, గట్టు మీద డప్పు కొట్టించి, చేను చిన్నాన్నకి స్వాధీనం చేశాడు. అమ్మ కాయల గంప వదలకపోతే ఇద్దరు పట్టి లాగారు.

అప్పుడు కదిలాడు మా మహానుభావుడు. కేసు మళ్ళీ తెరవమంటే, సమన్ల మీద సంతకం పెట్టి ఎందుకు రాలేదన్నారు. కొత్తగా దావా వేస్తే, ఇది తేలిపోయిన తగువేనని కొట్టేశారు. అమ్మ పేరున వేస్తే అదీ అంతే. ఇక అప్పీలు. నేనప్పుడు గుంటూరులో టీచరు ట్రైనింగు చదువుతున్నాను. ప్రతి వాయిదాకీ నాన్న వెంట నేనే.

“మీ నాన్న చెప్పేది నిజమేనమ్మా,” అన్నాడు మా ప్లీడరు. “కానీ తీర్పు తప్పైనా తీర్పే. ఒకసారి తేలింది మళ్ళీ విప్పుకుంటూ పోతే ఎవరి చేనూ ఎవరికీ నిలవదు.”

ఆ మాటలో న్యాయం ఉంది. అదే నన్ను ఎక్కువ మండించింది. కోర్టులో ఓడినవాడు అక్కడే ఏడిస్తే, గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడుస్తాడంటారు. ఒట్టి అబద్ధం! చిన్నాన్న ఏడవలేదు. మా చేలో బోరు వేయించాడు, సంఘంలో పెద్ద అయ్యాడు.

అప్పీలు కూడా కొట్టేసిన తర్వాత వచ్చిన సంస్కారానికి రొట్టె పళ్ళెం పట్టుకుని వరసల మధ్య తిరిగింది చిన్నాన్నే. నాన్న దగ్గర ఆగి, “తీసుకో అన్నా,” అన్నాడు. నాన్న లేచి బయటికి నడిచాడు. గుడి మొత్తం తలలు వంచుకుంది. నేను వెనకే పరిగెత్తాను.

తిన్నగా చేనుకి పోయి గట్టు మీద కూలబడ్డాడు. చేనంతా మిరప పండి ఎర్రగా ఉంది.

“కోర్టు నా మాట ఇక వినదు. సరే,” అన్నాడు. “ఆనాడు వాడి మాట విన్నోళ్ళంతా గుళ్ళోనే ఉన్నారు గదే అమ్మాయ్. వాడు పళ్ళెం పడితే ఒక్కళ్ళన్నా వద్దనలేదేందే?”

నేను ఆయన పక్కనే గట్టు మీద కూర్చున్నాను.

బోరు దగ్గర్నుంచి చిన్నాన్న పాలేరు కేకేశాడు. “ఎవురయ్యా అది, చేలో?”

నాన్న లేచి పంచె దులుపుకున్నాడు. “పోతన్నాంలే,” అన్నాడు.